ఒప్పుకున్నంత మాత్రాన న్యాయమైపోతుందా? గోదావరి డెల్టాలో కతోలిక ఆర్థిక నీతి

గోదావరి డెల్టాలో కౌలు ఒప్పందం చాలావరకు నోటిమాటే. ఎకరానికి ఏడాదికి ఇన్ని బస్తాలని ఆసామి అంటాడు, కౌలుదారు తలూపుతాడు, అక్కడితో సరి. కాగితం ఉండదు, సాక్షి ఉండడు. ముంపు వచ్చి సార్వా (తొలి పంట) పోయినా చాలాసార్లు మక్తా (ముందే ఖాయం చేసుకున్న కౌలు) బస్తాలు కొలవక తప్పదు. ఇదేం న్యాయమని ఎవరైనా అడిగితే జవాబు సిద్ధంగా ఉంటుంది: "ఇష్టపడే తీసుకున్నాడు కదా, మేమేమన్నా మెడ మీద కత్తి పెట్టామా?"

ఈ జవాబు చెల్లదని 1891 మే 15న పదమూడవ లియో పోపు రాశారు. ఆయన దృష్టిలో ఉన్నది కౌలు కాదు, యూరప్ ఫ్యాక్టరీల్లో కూలి. 'రేరుమ్ నొవారుమ్' అనే ఆ విశ్వలేఖ (పోపు కతోలిక లోకమంతటికీ రాసే లేఖ) సోషలిజాన్ని గట్టిగా తిరస్కరించింది, సొంత ఆస్తి మనిషికి సహజ హక్కు అంది. అక్కడిదాకా చదివి ఆపేస్తే భూస్వామికి హాయిగానే ఉంటుంది. కానీ కార్మికులు సంఘాలు పెట్టుకోవచ్చనీ, బలహీనులను కాపాడే బాధ్యత ప్రభుత్వానిదనీ కూడా అందులోనే ఉంది. అసలు పదును కూలి రేటు దగ్గర వస్తుంది. యజమాని, కూలీ స్వేచ్ఛగా మాట్లాడుకుని రేటు ఖాయం చేసుకోవచ్చు. కానీ పొదుపుగా బతికే కూలీకి ఆ డబ్బు పొట్ట నింపడానికి చాలకపోతే, ఒప్పందం ఉన్నా అది అన్యాయమే అంటారు లియో. ఇంకో దారి లేక, ఇంతకన్నా చెడు జరుగుతుందనే భయంతో ఒప్పుకున్నవాడు బలవంతానికి గురైనట్టేనని తేల్చారు.

కతోలిక సామాజిక బోధనలో ఆర్థిక వ్యవస్థల గురించి ఆ తర్వాత చాలా లేఖలు వచ్చాయి. వాటిలో ఎక్కువ భాగం ఈ ఒక్క వాదనను కొత్త సందర్భాలకు సాగదీయడమే అనిపిస్తుంది. డెల్టాకు పనికొచ్చేదీ ఈ వాదనే. ఇక్కడ బలవంతం కర్ర పట్టుకుని రాదు, ఒప్పందం వేషంలోనే వస్తుంది.

ముందు భూమి సంగతి. 1847-52 మధ్య ధవళేశ్వరం దగ్గర కాటన్ కట్టించిన ఆనకట్టతో డెల్టా మారిపోయింది. అంతకుముందు 1830ల కరువులో జనం పిట్టల్లా రాలిపోయిన నేల ఇది. అక్కడ కాలువలు వచ్చాయి, రెండో పంట వచ్చింది, మిల్లులు వచ్చాయి, మొత్తంగా దాదాపు పది లక్షల ఎకరాల ఆయకట్టు తయారైంది. ఇప్పుడు ఎకరం మాగాణి లక్షల్లో పలుకుతోందంటే ఆ విలువలో పెద్ద వాటా కాలువది. కాలువ ఏ ఆసామీ తవ్వించుకున్నది కాదు. ప్రభుత్వ సొమ్ముతో, వేలమంది కూలీల మట్టి పనితో వచ్చింది.

సొంత ఆస్తి హక్కే గానీ అది షరతుల్లేని హక్కు కాదని కతోలిక బోధన అనేది ఇందుకే. భూమ్మీది సంపద అందరికోసం ఉద్దేశించినదని 1965లో కతోలిక బిషప్పుల రెండవ వాటికన్ మహాసభ స్పష్టంగా రాసింది. 1967 నాటి 'పొపులోరుమ్ ప్రోగ్రెస్సియో'లో ఆరవ పౌలు పోపు ఇంకో అడుగు వేశారు. పెద్ద పెద్ద భూఖండాలు బీడుపడి ఉన్నా, వాటివల్ల జనం ఇబ్బంది పడుతున్నా ప్రభుత్వం స్వాధీనం చేసుకోవచ్చన్నారు. ప్రతి ఆస్తి మీదా సమాజపు తాకట్టు ఒకటి ఉంటుందన్నది రెండవ జాన్ పాల్ మాట. డెల్టా మాగాణిని చూస్తే ఈ మాట ఎక్కడో రోములో పుట్టిన సిద్ధాంతంలా ఉండదు. తాకట్టు ఎక్కడుందో కాలువ గట్టు మీద నిలబడితే కనిపిస్తుంది.

ఆరవ పౌలు లేఖ వచ్చిన ఆరేళ్ళకు ఆంధ్రప్రదేశ్ 1973లో భూపరిమితి చట్టం తెచ్చింది. నేల తరగతిని బట్టి మాగాణి 10 నుంచి 27 ఎకరాల వరకే ఉంచుకోవాలంది. చట్టం వస్తుందని ముందే తెలిసిన కుటుంబాలు పంపకాలు చేసుకున్నాయి, బినామీ పేర్లు పుట్టుకొచ్చాయి. డెల్టాలో పేదల చేతికి వచ్చిన మిగులు భూమి తక్కువే. అదలా ఉంచితే, ఈ రోజు సమస్య పెద్ద కమతాలు కూడా కాదు. సాగు చేయని చేతుల్లో భూమి ఉండిపోవడం. ఆసామి పిల్లలు హైదరాబాద్‌లోనో అమెరికాలోనో ఉంటారు, ఊళ్ళో పొలం కౌలుకు పోతుంది.

కౌలు లెక్క ఒకసారి చూడాలి. ఒక ఎకరంలో సార్వా, దాళ్వా (రెండో పంట) కలిపి 65 బస్తాలు పండాయనుకుందాం, మక్తా 28 బస్తాలు అనుకుందాం. 2025-26లో సాధారణ రకం ధాన్యానికి మద్దతు ధర క్వింటాకు 2,369 రూపాయలు. అంటే 75 కిలోల బస్తా దాదాపు 1,777. ఆసామి వాటా విలువ దాదాపు 49,700 రూపాయలు. కౌలుదారుకు మిగిలే 37 బస్తాల విలువ దాదాపు 65,700. దమ్ము, నారు, నాట్లు, ఎరువులు, పురుగుమందులు, కోత మిషన్, ఇంటిల్లిపాది కష్టం, అప్పు మీద వడ్డీ, రెండు పంటలకూ అన్నీ ఇందులోంచే పోవాలి. అదీ మద్దతు ధర పూర్తిగా చేతికొస్తేనే. తేమ శాతం ఎక్కువుందంటూ మిల్లు దగ్గర కోత పడితే ఈ లెక్క కూడా ఉండదు. తుపాను వస్తే పరిహారం చాలాచోట్ల పాస్‌బుక్‌లో పేరున్నవాడికే వెళ్తుంది. నష్టమంతా సాగుదారుది, హక్కంతా యజమానిది. లియో వాదనను కూలి నుంచి కౌలుకు మారిస్తే తేలేది ఇదే. వేరే పొలం, వేరే పని లేక ఒప్పుకున్న మక్తాకు 'ఇష్టపడి' అన్న పేరు పెట్టలేం.

మరి చట్టంతో సరిచేయలేమా? చేయబోయారు. 1956 ఆంధ్ర కౌలుదారీ చట్టం కౌలుకు గరిష్ఠ పరిమితి, కౌలుదారుకు కొన్నేళ్ళ భద్రత అని రాసింది. ఫలితం తిరగబడింది. కాగితం మీద పేరు పడితే పొలం పోతుందని ఆసాములు భయపడ్డారు, కౌలు మొత్తం నోటిమాటలోకి దిగిపోయింది. మార్కెట్‌ను సమర్థించే ఆర్థికవేత్తలు కతోలిక బోధన మీద పెట్టే అభ్యంతరం ఇలాంటిదే. న్యాయమైన ధర, న్యాయమైన కూలి అని పైనుంచి గీత గీస్తే లావాదేవీ చీకట్లోకి పోతుంది, నష్టపోయేది బలహీనుడే అని. ఇది కొట్టిపారేయాల్సిన మాట కాదు. 2011లో లైసెన్సుడ్ సాగుదారుల చట్టం, 2019లో పంట సాగుదారుల హక్కుల చట్టం ఈ భయాన్ని తగ్గించడానికే వచ్చాయి. 2019 చట్టం ప్రకారం ఒప్పందం 11 నెలలకే, భూమి హక్కుకు ఏమీ కాదు, కౌలుదారుకు పంటరుణం, బీమా, పరిహారం అందే కార్డు వస్తుంది. కానీ కార్డు రావాలంటే ఆసామి సంతకం కావాలి. కథ మళ్ళీ ఆసామి అరుగు దగ్గరికే వచ్చింది.

2011 సార్వాలో కోనసీమ రైతులు క్రాప్ హాలిడే ప్రకటించారు. దాదాపు లక్ష ఎకరాల్లో నాట్లు పడలేదు. గిట్టుబాటు ధర లేదు, ధాన్యం కొనేవాడు లేడు, డ్రెయిన్లు పూడిపోయి చేలు మునుగుతున్నాయి, కూలి ఖర్చు పెరిగింది. ప్రభుత్వం మోహన్ కందా కమిటీని వేసింది. రైతులవి న్యాయమైన బాధలే. తిండిగింజలు అందరికీ అవసరం కాబట్టి ధర తక్కువ ఉండాలంటూ సాగు చేసేవాళ్ళను శాశ్వతంగా వెనకే ఉంచడం అన్యాయమని 1961లోనే 'మాతెర్ ఎత్ మజిస్త్రా' లేఖలో ఇరవైమూడవ జాన్ పోపు రాశారు. అయితే ఆ సమ్మెలో మాట వినపడనివాళ్ళు ఇద్దరున్నారు. నాట్లకూ కోతలకూ పోయే కూలీల పని దినాలు ఎగిరిపోయాయి. పొలం వదులుకుంటే మళ్ళీ దొరకదని బెంగపడే కౌలుదారుకు సెలవు ప్రకటించే స్తోమతే లేదు. పంట పెట్టకుండా ఏడాది ఆగగలగడం కూడా ఒక ఆస్తే. అది అందరికీ ఉండదు.

చెరువుల వైపు వస్తే బొమ్మ ఇంకా చిక్కగా ఉంటుంది. భీమవరం, ఉండి, ఆకివీడు చుట్టుపక్కల వరి చేలు చేపల చెరువులుగా, 2009లో వనామీ రొయ్యకు అనుమతి వచ్చాక రొయ్యల చెరువులుగా మారాయి. వరి మీద రాని డబ్బు రొయ్య మీద వచ్చింది, ఇది నిజం. డెల్టా యువకులకు టెక్నీషియన్లుగా, మేత కంపెనీల ఏజెంట్లుగా, ప్రాసెసింగ్ యూనిట్లలో పనివాళ్ళుగా దారి దొరికింది. మార్కెట్ మేలు చేయగలదని, సొంత చొరవ మంచిదని రెండవ జాన్ పాల్ 1991లో 'చెంతేసిముస్ ఆన్నుస్' లేఖలో రాసినదానికి భీమవరం మంచి సాక్ష్యమే.

కానీ ఒక చేను చెరువైతే పక్క చేనుకు ఉప్పు ఊట దిగుతుంది. రెండు మూడేళ్ళకు వరి ఎర్రబడుతుంది, దిగుబడి పడిపోతుంది. అప్పుడు ఆ రైతు కూడా తన చేను లీజుకు ఇస్తాడు. కాగితం మీద ఇది సంపూర్ణ అంగీకారం, సంతకం కూడా ఉంటుంది. ఆయనకు ఇంకో దారి మిగల్లేదన్న సంగతి ఆ కాగితంలో ఉండదు. నీళ్ళు చెడిపోయి పేటలో (దళితవాడలో) ఆడవాళ్ళు క్యాన్ల నీళ్ళు కొనుక్కునే ఖర్చు ఎవరి లెక్కలోనూ పడదు. తాగే నీరు మనిషి మౌలిక హక్కు అని 2015లో 'లౌదాతో సీ' లేఖలో ఫ్రాన్సిస్ పోపు రాశారు. ఎవరో ఒకరి లాభం కోసం మిగతావాళ్ళు మోసే ఈ ఖర్చును ఆ లేఖ నేరుగా పట్టుకుంది. భీమవరం దగ్గరి తుందుర్రు చుట్టుపక్కల జనం ఆక్వా ఫుడ్ పార్కు వద్దని ఏళ్ళ తరబడి పోరాడింది గొంతేరు డ్రెయిన్ చెడిపోతుందనే. వాళ్ళు ఆ లేఖ చదివి ఉండరు, చదవాల్సిన అవసరమూ లేదు.

ఇక రొయ్య ధర. వంద కౌంట్ (కిలోకు వంద రొయ్యలు) ఎంత, ముప్పై కౌంట్ ఎంత అన్నది రైతు చేతిలో లేదు. పట్టుబడికి వచ్చిన రొయ్యను చెరువులో ఎక్కువ రోజులు ఉంచలేడు, వైరస్ పడితే అంతా పోతుంది. కొనేవాళ్ళు కొద్దిమంది. వాళ్ళు కూడబలుక్కుంటే రైతులు దాన్ని 'సిండికేట్' అంటారు. 1931 నాటి 'క్వాద్రజేసిమో ఆన్నో' లేఖలో పదకొండవ పియుస్ పోపు చెప్పింది ఇదే పరిణామం గురించి. అదుపు లేని పోటీ చివరికి పోటీనే మింగేస్తుంది, కొద్దిమంది చేతిలో ఆర్థిక నియంతృత్వం మిగులుతుంది అని. స్వేచ్ఛా మార్కెట్ మీద ఇంత కచ్చితమైన విమర్శ వామపక్షం బయట నుంచి అరుదుగా వచ్చింది.

2025 ఆగస్టు 27 నుంచి అమెరికా భారత సరుకుల మీద సుంకాన్ని 50 శాతానికి పెంచినప్పుడు భీమవరంలో టెన్షన్ మొదలైంది. వాషింగ్టన్‌లో సంతకం పడితే ఉండి దగ్గర చెరువు గట్టున ధర మారుతుంది, ప్రాసెసింగ్ యూనిట్‌లో రొయ్యల తలలు తీసే ఆడకూలీలకు పని దినాలు తగ్గుతాయి. వాళ్ళ కూలి తక్కువకు బాధ్యులెవరు? 1981 నాటి 'లబోరెమ్ ఎక్సెర్చెన్స్'లో రెండవ జాన్ పాల్ 'పరోక్ష యజమాని' అనే ఆలోచన తెచ్చారు. కూలి ఇచ్చే చెయ్యి ఒకటి. ఆ చెయ్యి ఎంత ఇవ్వగలదో నిర్ణయించే చట్టాలు, సుంకాలు, విదేశీ కొనుగోలుదారులు, ప్రభుత్వాలు మరొకటి. న్యాయం గురించి మాట్లాడితే ఇద్దరినీ అడగాలి. కాంట్రాక్టర్‌ను ఒక్కణ్ణే తిట్టుకుని ఊరుకునే అలవాటుకు ఇది మంచి మందు.

నరసాపురం లేసు కథ క్లుప్తంగా. 19వ శతాబ్దంలో ప్రొటెస్టెంట్ మిషనరీలు నేర్పిన అల్లిక ఇది, 2024లో జీఐ ట్యాగ్ (భౌగోళిక గుర్తింపు) వచ్చింది. 1970ల చివర్లో ఇక్కడ పరిశోధించిన జర్మన్ సామాజిక శాస్త్రవేత్త మరియా మీస్ ఒక విషయం బయటపెట్టారు. రోజుకు గంటల తరబడి అల్లే ఆడవాళ్ళను కార్మికులుగా ఎవరూ లెక్కపెట్టలేదు. ఇంట్లో ఖాళీగా కూర్చున్నవాళ్ళు తీరిక వేళ చేసే పని అన్నారు, రేటు కూడా అలాగే కట్టారు. ఇక్కడ కతోలిక బోధన కూడా చేతులు దులుపుకోవడానికి లేదు. మగవాడి సంపాదన కుటుంబమంతటికీ చాలాలన్న 'కుటుంబ వేతనం' ఆలోచన ఉద్దేశం మంచిదే. కానీ ఇంటి ఆడవాళ్ళ సంపాదన పైచిల్లర అనే చూపుకు అదీ కొంత దారిచ్చింది.

అయితే మొత్తం మీద ఈ బోధన ఏ వ్యవస్థ వైపు? దేని వైపూ కాదన్నదే అధికారిక జవాబు. ఉదార పెట్టుబడిదారీ విధానానికీ మార్క్సిస్టు సమష్టివాదానికీ మధ్య 'మూడో దారి' కూడా కాదని 1987లో రెండవ జాన్ పాల్ స్పష్టం చేశారు. ఇది నీతిశాస్త్రం, ఆర్థిక నమూనా కాదన్నారు. తెలివైన మాటే, కొంచెం తప్పించుకునే మాట కూడా. డెల్టా కమ్యూనిస్టులు నవ్వేది ఇక్కడే. ఆస్తిని ముట్టుకోకుండా ఆస్తిపరుడి మనసు మారుస్తామంటే ఎన్ని తరాలు ఆగాలని వాళ్ళ ప్రశ్న. ప్రశ్నలో బలముంది. కానీ పేరు మార్చినంత మాత్రాన అధికారం మారదని కొల్లేరు చూపించింది.

1970ల మధ్యలో ప్రభుత్వం కొల్లేరు నేలను మత్స్యకార, ఎస్సీ సహకార సంఘాలకు చెరువుల కోసం ఇచ్చింది. కాగితం మీద ఇంతకన్నా న్యాయమైన ఏర్పాటు ఉండదు. భూమి పేదలది, యాజమాన్యం ఉమ్మడిది, నిర్ణయం సంఘానిది. పై స్థాయి తప్పుకుని కింది స్థాయికి చేయగలిగిన పని వదిలిపెట్టాలన్న పదకొండవ పియుస్ సూత్రానికి అచ్చమైన ఉదాహరణ. కానీ చెరువు తవ్వాలంటే డబ్బు కావాలి, పిల్ల చేపలకూ మేతకూ ఇంకా డబ్బు కావాలి, పెట్టుబడి మాత్రం బయటివాళ్ళ దగ్గరే ఉంది. ఒక్కో సంఘమూ తన చెరువును వాళ్ళకే లీజుకిచ్చింది. ఏడాదికి ఇంత అని సభ్యులకు పంచిపెట్టారు. సొంత చెరువు మీద కొందరు కాపలా కూలీలయ్యారు. 1999లో అయిదో కాంటూరు (సముద్రమట్టానికి అయిదు అడుగుల ఎత్తు గీత) దాకా అభయారణ్యంగా ప్రకటించడం, 2006లో 'ఆపరేషన్ కొల్లేరు'లో చెరువు గట్లు పగలగొట్టడం ఆ తర్వాతి కథ. లీజుకు తీసుకున్న పెట్టుబడిదారు ఇంకోచోటికి పోగలడు, సంఘం సభ్యుడు ఎక్కడికి పోతాడు?

సహకారం దండగ అని దీని అర్థం కాదు. స్పెయిన్‌లోని మొండ్రగాన్‌లో ఒక కతోలిక ఫాదర్ చొరవతో 1956లో మొదలైన కార్మికుల సహకార సంస్థ పెద్ద పారిశ్రామిక సముదాయంగా ఎదిగింది. ఆయన ముందు కుర్రాళ్ళకు సాంకేతిక విద్య నేర్పే బడి పెట్టారు, తర్వాత సంఘం సొంత బ్యాంకు వచ్చింది. కొల్లేరులో పట్టాలు వచ్చాయి గానీ బ్యాంకు రాలేదు. తేడా అంతా అక్కడుంది. డెల్టా నీటి సంఘాల్లోనూ ఇదే లోపం ఇంకో రూపంలో ఉంది. 1997 చట్టంతో వచ్చిన ఈ సంఘాల్లో ఓటు రికార్డుల్లో పేరున్నవాళ్ళకే. నీళ్ళ కోసం రాత్రిళ్ళు బోదె దగ్గర పడిగాపులు పడే నోటిమాట కౌలుదారుకు అందులో మాట లేదు.

విశ్వలేఖల్లో ఉన్న పెద్ద ఖాళీ కులం. అవి పెట్టుబడి, శ్రమ అని రెండు పాత్రలు రాసుకున్నాయి. డెల్టాలో కూలికి, కౌలుకి, పొలానికి కులం ఉంది. ఏ పేట నుంచి వచ్చాడన్నదాన్ని బట్టి మనిషి బేరమాడే శక్తి మారుతుంది. డెల్టా క్రైస్తవుల్లో పాత పట్టు ప్రొటెస్టెంట్ శాఖలదే. పాత ఉభయ గోదావరి జిల్లాల కతోలికులకు 1976లో ఏలూరు పీఠం (బిషప్ పాలన కింది ప్రాంతం) ఏర్పడింది. శాఖ ఏదైనా సంఘస్థుల్లో దళితులే ఎక్కువ. 1950 రాష్ట్రపతి ఉత్తర్వు ఎస్సీ హోదాను హిందువులకే పరిమితం చేసింది, 1956లో సిక్కులను, 1990లో బౌద్ధులను చేర్చారు, క్రైస్తవులను చేర్చలేదు. ఆంధ్రప్రదేశ్‌లో దళిత క్రైస్తవులది బీసీ-సీ (వెనుకబడిన తరగతుల్లో సీ గ్రూపు), ఒక శాతం రిజర్వేషన్. అంటే ఇక్కడ మతానికి ఆర్థికంగా ఒక ధర ఉంది. ఆ ధర కట్టలేక ఆదివారం ఒక గుర్తింపుతో, సర్టిఫికెట్ మీద ఇంకో గుర్తింపుతో బతికే కుటుంబాలు ఎన్నో. దీన్నీ వాళ్ళ ఇష్టమే అనడం సులువు.

కతోలిక సభ (చర్చి) లోపల కూడా అంటరానితనం ఉందని భారత కతోలిక పీఠాధిపతుల సమాఖ్య 2016లో దళిత సాధికారత విధానం ప్రకటిస్తూ ఒప్పుకుంది. 2022లో హైదరాబాద్ అగ్రపీఠాధిపతి పూల ఆంథోనీ కార్డినల్ అయ్యారు. తెలుగువారిలో, దళితుల్లో ఆయనే మొదటివారు. గౌరవమే, కానీ పేటలో కూలి రేటుకు దానితో సంబంధం లేదు.

న్యాయం గురించి మాట్లాడేవాళ్ళు ముందు తామే న్యాయంగా కనిపించాలని 1971లో రోములో జరిగిన పీఠాధిపతుల మహాసభ రాసిపెట్టింది. కతోలిక బోధనను డెల్టాలో పరీక్షించడానికి ఇంతకన్నా మంచి కొలబద్ద దొరకదు. మిషన్ సంస్థలకు ఇక్కడ బళ్ళున్నాయి, ఆసుపత్రులున్నాయి, కొన్నిచోట్ల పొలాలూ ఉన్నాయి. ఎయిడెడ్ (ప్రభుత్వం జీతమిచ్చే) పోస్టులో ఉన్న టీచర్‌కూ, పక్క గదిలో యాజమాన్యం ఇచ్చే జీతం మీద అదే పాఠం చెప్పే టీచర్‌కూ మధ్య ప్రైవేటు విద్యారంగమంతటా ఉన్న తేడా మిషన్ బడిలోనూ ఉంటే, ఆ టీచరమ్మ ఒప్పుకునే చేరిందన్న జవాబు అక్కడ అసలు పనికిరాదు. ఆ జవాబును 1891లోనే కొట్టేసింది వాళ్ళ పోపే. పొలం సంగతి ఇంకా తేలిక. విచారణ (స్థానిక చర్చి) పొలాన్ని కౌలుకిచ్చిన ఫాదర్‌గారైనా, ఆదివారం పూజకు ముందు వరసలో కూర్చునే ఆసామి అయినా పంట సాగుదారు కార్డు మీద ఒక సంతకం పెట్టాలి. 11 నెలల ఒప్పందం, భూమి ఎక్కడికీ పోదు. ఖరీఫ్ మొదట్లో ఊళ్ళోనే అరగంట పని.